తలపులక్క: ఆడియో సీరియల్ కోసం మనసును పట్టే పదార్థాన్ని తయారు చేసిన కేసు

ఈ పని నా దగ్గరికి వచ్చేసరికి కథలో ఆ వస్తువు పేరు స్మృతిమణి. నది ఒడ్డున ఒక రేవు పట్నం, కరెంటు లేని కాలం, పడవల రేవు హక్కు కోసం ఒకే ఇంట్లో తగాదా. చనిపోయిన ఇంటి పెద్దావిడ మనసులో ఏముందో ఆ మణి చెబుతుంది. దీపం ముందు పెడితే చాలు, ఆవిడ తలపులన్నీ వరసగా వినిపిస్తాయి. ఇది ఆడియో సీరియల్ కాబట్టి కళ్లకు కట్టే హంగులేవీ ఉండవు, ఉన్నదంతా చెవికే. నా పని ఆ ప్రపంచానికి నియమాలు రాయడం. అక్కడ ఏది జరుగుతుంది, ఏది జరగదు, దేనికి ఎంత ఖర్చు, ఎవరికి నష్టం అన్నవి తేల్చి రచయితల చేతిలో పెట్టాలి.

మణితో చిక్కేమిటో స్క్రిప్టు చదివే రోజునే బయటపడింది. "మొదటి ఎపిసోడ్‌లోనే దాన్ని వెలిగిస్తే కథ అయిపోతుంది కదండీ" అన్నాడు సౌండ్ రికార్డిస్టు. దానికి రచయితల దగ్గర ఉన్న జవాబు ఒక్కటే, మణిని ఎవరో ఎత్తుకుపోయారని. ఆ తర్వాత ఎపిసోడ్లన్నీ దొంగను వెతకడానికే సరిపోయాయి. మనసు గురించి మొదలైన కథ పోయిన నగ గురించిన కథగా మారింది. అన్నీ చెప్పేసే వస్తువును కథలో పెట్టుకుంటే రచయిత శ్రమంతా దాన్ని దాచడానికే పోతుంది. ఇలాంటి కథలు నా దగ్గరికి తరచుగా వస్తుంటాయి. మందు మాత్రం అన్నిటికీ ఒకటే అనిపిస్తుంది నాకు. వస్తువుకు శక్తులు తగ్గించి ఒక స్వభావం ఇవ్వాలి. నిప్పుకు, నీటికి ఉన్నట్టు దానికీ ఒక గుణం ఉండాలి. ఆ గుణం మనకు అనుకూలమైన చోటా పనిచేయాలి, అడ్డం వచ్చే చోటా పనిచేయాలి.

లక్క ఎందుకు

అద్దం, నీరు, దారపు ముడులు, తాటాకు, అన్నీ పరిశీలనకు వచ్చాయి. తాటాకు దగ్గర కొంచెంసేపు ఆగాం. గంటంతో గీసిన అక్షరం ఆకు మీద దాదాపు కనబడదు. మసి రుద్ది తుడిస్తే ఆ గీతల్లో నల్లదనం నిలిచి అక్షరం తేలుతుంది. రాయడం వేరు, తేల్చడం వేరు అన్న ఆ రెండంచెల పద్ధతి నాకు కావలసిందే. కానీ తాటాకు అనగానే వినేవాళ్ల మనసులో అక్షరాలు వచ్చి కూర్చుంటాయి. తలపు అక్షరాల్లో ఉండకూడదన్నది నా మొదటి షరతు.

లక్క మీదికి దృష్టి మళ్లడానికి కారణం పాత గ్రామఫోన్ రికార్డులు. 1890ల చివరి నుంచి 1950ల దాకా ప్రపంచంలో పాటలు నిలిచింది ఎక్కువగా లక్క మీదే. మన దేశంలో ఆ పళ్లేలు ఇంకొన్నేళ్లు ఎక్కువే నడిచాయి. మోదుగ, రేగు లాంటి చెట్ల లేత కొమ్మలకు అంటుకుని బతికే చిన్న పురుగు తన ఒంటి చుట్టూ కార్చుకునే జిగురు అది. కొమ్మల నుంచి గీకి, కడిగి ఎర్రరంగు పోగొట్టి, కరిగించి వడకట్టి, రాతిపొడి, దీపపు మసి లాంటివి కలిపి పళ్లేలుగా అచ్చు వేసేవారు. ఆ లక్కలో అత్యధిక భాగం వెళ్లింది మన దేశం నుంచే. అంటే లక్క అప్పటికే గొంతులను దాచిపెట్టిన పదార్థం. గొంతును దాచింది తలపును కూడా దాచిందని చెబితే వినేవాడు పెద్దగా అడ్డం చెప్పడు. ఊహకు అరువు తెచ్చుకోవాల్సిన దూరం తక్కువ. పైగా ఏటికొప్పాక బొమ్మలు, లాడ్ బజారు గాజులు, పోస్టాఫీసు సీళ్లు తెలుగువాళ్ల చేతుల్లో రోజూ తిరిగేవే. మణి ఎవరింట్లో ఉంటుంది?

అలా తలపులక్క అన్న పేరు స్థిరపడింది. వస్తువు రూపం చేతి గాజు. డైరెక్టర్‌కి ఇది వెంటనే నచ్చింది. ఆవిడ ఊహలో ఆ గాజు ఆడవాళ్ల మణికట్టు మీద రాత్రింబవళ్లు ఉంటుంది, నాడి పక్కనే ఉంటుంది కాబట్టి తలపులన్నీ పట్టేస్తుంది. వినడానికి బాగుంది. కానీ ఇది గాజు రూపంలో ఉన్న మణే. అంతా పడుతుంది, అంతా వినిపిస్తుంది.

ఆ అడ్డంకిని తీసింది లక్క స్వభావమే. లక్క మెత్తబడాలంటే డెబ్బై డిగ్రీల దరిదాపుల వేడి కావాలి. కరగడానికి 75 నుంచి 80 డిగ్రీలు పడుతుంది. ఒంటి వేడి 37. చార్మినార్ పక్కన గాజులు చేసే ఒక పెద్దాయనకు కథ చెప్పి అడిగితే నవ్వేశాడు. "ఒంటి వేడికే లక్క మెత్తబడితే మే నెలలో మా దుకాణమంతా ఒక్క ముద్దయి కూర్చోదా?" అన్నాడు. లాడ్ బజారులో లక్కను బొగ్గుల కుంపటి దగ్గర మెత్తబరిచి, పొడుగ్గా సాగదీసి, గుండ్రంగా చుట్టి, వేడి మీదే రాళ్లు అద్దుతారు. చల్లారాక దాన్ని ఏమీ చేయలేరు. ఏటికొప్పాకలో పద్ధతి వేరు. తిరిగే అంకుడు కర్రకు లక్క కడ్డీని ఆనిస్తే ఆ రాపిడి వేడికే లక్క కరిగి కర్రను పట్టుకుంటుంది. రెండు చోట్లా పని జరిగేది వేడి మీద, నిలిచేది చల్లారాక.

నియమం అక్కడే దొరికింది. నా నోట్‌లో అది ఒకే వాక్యం: వేడిగా ఉన్నప్పుడు పడుతుంది, చల్లారాక దాస్తుంది.

ఒక్క వాక్యం చేసిన పని

వేడిగా ఉన్నప్పుడే పడుతుందంటే, గాజు వేయించుకుని అది చల్లారేదాకా ఉన్న కొన్ని నిమిషాల్లో మనసులో ఏముందో అదే దానిలో ఉంటుంది. మిగతా జీవితమంతా దానిలో లేదు. ఎంతసేపు అన్న ప్రశ్నకు జవాబు కూడా రికార్డుల నుంచే తీసుకున్నాను. పది అంగుళాల పళ్లెం ఒక వైపు పట్టేది దాదాపు మూడు నిమిషాలు. 1902లో కలకత్తాలో హిందుస్తానీ గాయని గౌహర్ జాన్ పాడినప్పుడు గంటల తరబడి సాగే రాగాన్ని ఆ మూడు నిమిషాల్లోకి కుదించింది. చివర తన పేరు తనే చెప్పుకుంది, అచ్చు వేసేది జర్మనీలో కాబట్టి ఏ పళ్లెం ఎవరిదో అక్కడివాళ్లకు తెలియాలి. పదార్థం పెట్టే హద్దు మనిషి పద్ధతిని ఎలా మారుస్తుందో చెప్పడానికి రచయితలకు నేను ఈ ఒక్క ఉదాహరణే ఇచ్చాను.

మన ఇళ్లల్లో గాజులు వేయించుకునేది ఎప్పుడు? పెళ్లికి, సీమంతానికి, పండక్కి, పేరంటానికి. అంటే ఈ ప్రపంచంలో మనసు నమోదయ్యేది సరిగ్గా ఊరంతా చుట్టూ చేరి చూస్తున్నప్పుడు. అలాంటప్పుడు మనసులో ఏముండాలో ఇంట్లో పెద్దవాళ్లు ముందే నేర్పుతారు. "గాజు చల్లారేదాకా మంచి మాటే తలుచుకోవే" అని పెళ్లికూతురికి పిన్నమ్మ చెప్పే సీను రచయితల్లో అందరికన్నా చిన్నమ్మాయి రాసింది. ఇక ఏమవుతుందో మనకు తెలియనిది కాదు. కోతిని తలుచుకోకుండా మందు తాగమన్న కథ మనం చిన్నప్పుడే విన్నాం. తెల్ల ఎలుగుబంటిని తలుచుకోవద్దంటే మనుషులు దాన్నే తలుచుకుంటారని 1987లో డేనియల్ వెగ్నర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ప్రయోగం చేసి చూపించాడు. ఏది రాకూడదనుకుంటుందో అదే గాజులోకి వస్తుంది. అలా వచ్చింది ఆ అమ్మాయి కోరికా, భయమా? గాజుకు ఆ తేడా తెలియదు.

వాక్యంలో రెండో సగం ఇంకా ఎక్కువ పని చేసింది. దాచింది వినాలంటే మళ్లీ వేడి చేయాలి. వేడి చేస్తే మళ్లీ పడుతుంది. చదివేవాడు కుంపటి మీద గాజును మెత్తబరిచి తన చేతికి తొడుక్కుంటాడు. పాత తలపు వినిపిస్తున్నంతసేపూ అతని తలపు దానిలోకి ఎక్కుతూనే ఉంటుంది. కాబట్టి మొదటిసారి విన్నది రెండోసారి అలాగే ఉండదు, నకలు తీయడం కుదరదు. రికార్డుల్లో దీనికి దగ్గరి సంగతి ఒకటుంది. పళ్లెంలో కలిపిన రాతిపొడి ఉక్కు సూదిని అరగదీసి గాడికి సరిపడేలా చేస్తుంది, సూది గాడిని అరగదీస్తుంది. ప్రతి పాటకూ సూది మార్చేవారు, అయినా ప్రతి వినికిడికీ పళ్లెం కొంత పోయేది. మేం దాన్ని మనిషికి వర్తింపజేశాం. లక్కచదువరి వృత్తి అలా పుట్టింది. ఇరవై ఏళ్లు ఆ పని చేసినవాడి మనసులో ఎవరెవరి పెళ్లిళ్లు ఉంటాయో, ఎన్ని గాజుల్లో అతని విసుగు ఉంటుందో రచయితలు చూసుకున్నారు.

లక్క కరువు

రేవు పట్నంలో లక్క కొరత ఉండాలని పట్టుబట్టింది నేనే. వస్తువు చవకైతే జనం ఇష్టం వచ్చినట్టు వాడతారు, కథ పలచబడుతుంది. 1942లో యుద్ధం వల్ల అమెరికాలో రికార్డుల తయారీకి ఇచ్చే లక్కకు ప్రభుత్వం భారీగా కోత పెట్టింది. కొత్త రికార్డు కావాలంటే పాతది తెచ్చి ఇవ్వాల్సి వచ్చేది. విన్న పాటలను కరిగించి వినబోయే పాటలు చేశారన్నమాట. మా పట్నంలో ఏది కరిగిస్తారు?

ఇక్కడ నటీమణుల్లో ఒకావిడ వేసిన ప్రశ్న కథను మలుపు తిప్పింది. "ఆ పెద్దావిడ ముత్తైదువా? భర్త పోయాక ఆ గాజు చేతికి ఎలా ఉంది?" అప్పటిదాకా ఎవరం ఆలోచించలేదంటే అబద్ధం. ఆలోచించాం, కానీ ఆ ఆచారాన్ని ఈ లోకంలోకి తేకుండా వదిలేద్దామనుకున్నాం. ఆవిడ అడిగాక వదలడం కుదరలేదు. మన దగ్గర భర్త పోయిన ఆడమనిషి గాజులు పగలగొడతారు. ఆ లోకంలో పగలగొట్టరు, కరిగిస్తారు. ఊళ్లో లక్క కరువు కాబట్టి కరిగించిన ముద్ద బజారుకు వెళ్తుంది. వాడిన లక్కను వాళ్లు ఎంగిలి లక్క అంటారు. డబ్బున్నవాళ్లు కొమ్మ నుంచి తీసిన కొత్త లక్క కొనుక్కుంటారు, లేనివాళ్ల పిల్లలు ఎవరి పెళ్లి తలపులో అడుగున ఉన్న గాజులతో పెళ్లి చేసుకుంటారు. ఒక ఎపిసోడ్‌లో పెళ్లికూతురి గాజులోంచి ఆమె ఎన్నడూ చూడని పసిపిల్లాడి ఏడుపు వస్తుంది. దాన్ని వివరించే డైలాగు రాస్తే నేనే కొట్టేశాను. అప్పటికే నాలుగు ఎపిసోడ్లు విన్నవాళ్లకు అది ఎక్కడిదో తెలుస్తుంది.

ఇంతకీ రేవు హక్కు ఇంటి పెద్దావిడ గాజు కరిగించాల్సిందే. కరిగించలేదు, దాచుకుంది. అది నేరం. దాచుకుందంటే దానిలో ఏదో ఉందని ఊరంతా నమ్ముతుంది. మరిది అయితే మరీ నమ్ముతాడు. కూతురి సీమంతం నాడు వదిన రేవు తనకు ఇస్తానందని అతని వాదన.

గొంతు ఎవరిది

ఈ కేసులో నాకు ఎక్కువ సమయం పట్టిన భాగం ఇదే. లక్కలో ఉన్నదేమిటి? మాటలా, బొమ్మలా, భావమా?

దీనికి ఒక చరిత్ర ఉంది. హాన్స్ బెర్గర్ అనే జర్మన్ వైద్యుడు యువకుడిగా సైన్యంలో ఉన్నప్పుడు గుర్రం మీద నుంచి పడి చావు తప్పించుకున్నాడు. ఎక్కడో దూరాన ఉన్న అక్కకు ఆ రోజే ఏదో కీడు జరిగిందనిపించి, ఇంటి నుంచి అతని క్షేమం అడుగుతూ టెలిగ్రాం వచ్చింది. మనసు దూరం దాటుతుందా అన్న ఆ ప్రశ్న అతన్ని వదల్లేదు. 1924లో యేనా నగరంలో మనిషి మెదడు విద్యుత్తును మొదటిసారి నమోదు చేశాడు, 1929లో ప్రకటించాడు. ఈఈజీ అలా వచ్చింది. మెలకువలో ఒకలా, నిద్రలో ఒకలా, మూర్ఛలో ఒకలా గీత మారుతుంది. డాక్టర్లకు అది ఎంతో పనికొచ్చింది. కానీ బెర్గర్ వెతికినది దానిలో లేదు. అది తలపును రాసే గీత కాదు, మెదడు పనిచేస్తోందని చెప్పే గీత. రాంచీ దగ్గర నామ్‌కుమ్‌లో లక్క పరిశోధన సంస్థ పెట్టింది కూడా అదే 1924లో. ఈ రెంటికీ ఏ సంబంధమూ లేదు, నాకు నచ్చి నోట్‌లో రాసుకున్నానంతే.

నమోదు కావడం, అర్థం కావడం రెండూ వేరని బెర్గర్ కథ చెబుతోంది. ఆడియోలో ఆ తేడాను చెవికి ఎలా తెలిపేది? మామూలు దారి అందరికీ తెలుసు. పాత తెలుగు సినిమాల్లో అంతరాత్మ మాట్లాడిందంటే ఎకో ఉంటుంది. ఎకో పెడితే వినేవాడు ఇది ఫ్లాష్‌బ్యాక్ అనుకుని నమ్మేస్తాడు, జరిగింది జరిగినట్టే వింటున్నాననుకుంటాడు. గ్రామఫోన్ గరగర పెడదామన్నారు. అదీ అంతే, యంత్రం పట్టింది కాబట్టి నిజమే అన్న భరోసా ఇస్తుంది. రెండూ వద్దన్నాను.

చివరికి తీసుకున్న నిర్ణయం నటీనటులకు సంబంధించింది. గాజులోంచి ఎవరి మాట వినిపించినా ఆ గొంతు గాజును మొదట వేయించుకున్న మనిషిదే. వదిన గాజులో మరిది మాట్లాడినా అది వదిన గొంతే, ఆవిడ గుర్తుపెట్టుకున్న మరిది. కాస్త యాస మారుతుంది, అతను మాటను లాగే తీరు ఆవిడ నోట్లో కొంచెం వెటకారంగా పడుతుంది. ఇది తలపు కదా, ఆవిడ తలలో తిరిగిన లోకం ఆవిడ గొంతుతోనే ఉండాలి. దీనివల్ల ఒక్క వాక్యం వివరణ లేకుండా వినేవాడికి అనుమానం మొదలవుతుంది. మరిది నిజంగా అలా అన్నాడా, లేక అన్నట్టు ఈవిడకు గుర్తుందా? మైకును మాత్రం బాగా దగ్గర పెట్టించాం. గది ప్రతిధ్వని కొంచెం కూడా లేదు. పక్కన ఆధారంగా వినిపించేది కుంపటి, చదువరి ఊపిరి.

రికార్డు చేసిన సీనులో ఆ భాగం ఇదీ:

చదువరి: గాజు ఎప్పుడు వేయించారమ్మా?

కూతురు: నా సీమంతం నాడు. నాకు వేసిన చేత్తోనే అమ్మకీ వేశారు.

చదువరి: ఎన్నేళ్లయింది?

కూతురు: మా బుడ్డోడికి తొమ్మిది నిండాయి.

చదువరి: మెత్తబడుతుందో లేదో. ముందే చెప్తున్నా తల్లీ, ఉన్నదున్నట్టు వినబడేది ఒక్కసారే. తర్వాత దీంట్లో నేనూ ఉంటా.

మరిది: కానివ్వయ్యా, ఊరంతా చూస్తోంది.

(బొగ్గులు ఊదిన చప్పుడు.)

తల్లి గొంతు: రేవు నాకిచ్చెయ్ వదినా... నాకిచ్చెయ్... ఇస్తా. ఇస్తాలే. పిల్ల నవ్వుతోంది, ఎంత బావుందో... ఎవరా గిలక లాగేది, ఇప్పుడా నీళ్లు తోడేది... ఇస్తా. నాకిచ్చెయ్ వదినా... చూడకండ్రా అటు...

మరిది గెలిచాననుకుంటాడు. "ఇస్తా" అని మూడుసార్లు ఉంది. కానీ ఎవరితో అంది? అంటానని అనుకుందా, అనాల్సి వస్తుందేమోనని భయపడిందా? కూతురికి ఇంకేదో ఇస్తానని అనుకుందా? పంచాయతీలో ఈ వాదన ఒక ఎపిసోడ్ మొత్తం నడిచింది. నటి ఆ నాలుగు ముక్కలను ఒకే టేకులో చెప్పింది, ఏ అర్థానికీ మొగ్గకుండా. అది చెప్పినంత తేలిక కాదు. ముందు చేసిన టేకులన్నిటిలో ఆవిడ తనకు తెలియకుండానే తల్లి పక్షం వహించింది.

న్యాయం

పంచాయతీ తీర్పు ఎలా ఉండాలన్నది నియమాల పనే. తలపును సాక్ష్యంగా తీసుకునే న్యాయస్థానం ఎలాంటిది? దీనికి నేను ఊహించాల్సింది తక్కువ. మన దేశంలో నార్కో పరీక్షలు, పాలిగ్రాఫ్, బ్రెయిన్ మ్యాపింగ్ బలవంతంగా చేయడం చెల్లదని సుప్రీంకోర్టు 2010 మే 5న సెల్వి వర్సెస్ కర్ణాటక రాష్ట్రం కేసులో చెప్పింది. తనకు వ్యతిరేకంగా తానే సాక్ష్యం చెప్పేలా ఎవరినీ బలవంతపెట్టకూడదన్న 20(3) అధికరణం, వ్యక్తిగత స్వేచ్ఛ గురించిన 21వ అధికరణం దానికి ఆధారం. మనిషి ఒప్పుకుని పరీక్ష చేయించుకున్నా ఆ పరీక్షలో వచ్చిన మాటలు వాటంతట అవి సాక్ష్యం కావు. కానీ వాటి సాయంతో ఆ తర్వాత ఏదైనా బయటపడితే దాన్ని సాక్ష్యంగా తీసుకోవచ్చు.

కథ రాసేవాడికి ఈ తేడా బంగారం. తలపు సాక్ష్యం కాదు, తలపు చూపిన చోట దొరికింది సాక్ష్యం. మా పంచాయతీ కట్టుబాటును అలాగే పెట్టాం. పెద్దలు "ఇస్తా" అన్న మాటను పక్కన పెట్టేస్తారు. గిలకను పట్టుకుంటారు. సీమంతం పేరంటంలో, ఊరంతా ఇంట్లో ఉండగా, ఆవిడకు పెరటి బావి గిలక మీద ధ్యాస ఎందుకు పోయింది? చూడకండ్రా అటు అని ఎందుకు అనుకుంది? బావిలో దిగితే అడుగున మూతికట్టిన ఇత్తడి బిందె, దానిలో రేవు హక్కు రాసిన రాగిరేకు. మరిది మూడు మాటలు వింటే పెద్దలు ఒక చప్పుడు విన్నారు.

చనిపోయిన మనిషి ఒప్పుకోలు సంగతి మాత్రం రచయితల మధ్య తేలలేదు. ఆవిడ గాజును చదవడానికి కూతురి అనుమతి చాలా? నా అభిప్రాయం చాలదని. డైరెక్టర్ చాలుతుందన్నారు, కథ అలాగే నడిచింది. నా అసమ్మతిని చదువరి నోట పెట్టి ఒక వాక్యంగా ఉంచారు.

ఊహించని చోట

అసలు కథకు సంబంధం లేకుండా, నియమం నుంచి దానంతట అదే వచ్చింది సీళ్ల సంగతి. లక్క గాజులకే కాదు, ఉత్తరాలకూ వాడతారు. వేడి లక్క కారుస్తారు, ముద్ర ఒత్తుతారు, చల్లారుతుంది. అంటే అధికారి ఒత్తిన ప్రతి సీలులో ఆ క్షణం అతని మనసులో ఉన్నది పడుతుంది! పన్ను తగ్గిస్తున్నట్టు రాసిన ఉత్తరం సీలులో వాడు దాన్ని ఎలా ఎగ్గొట్టాలనుకుంటున్నాడో ఉంటుంది. అలాంటి సర్కారు కచేరీ ఒక్కరోజు నడవదు. కాబట్టి ముద్ర అధికారి ఒత్తడు. ఆ పనికి కుర్రాళ్లను పెట్టుకుంటాడు, ఒత్తి చల్లారేదాకా వాళ్లు మనసులో ఎక్కాలు చదువుకోవాలి. ప్రభుత్వం వారి ఏ ఉత్తరాన్ని వేడి చేసి విన్నా "ఏడెనిమిదులు యాభై ఆరు" అని వస్తుంది. ఈ సీను చదివి అందరం నవ్వుకున్నాం. ఆ నవ్వులోనే రెండో సీజన్ కథ తగిలింది. ఒకానొక సీలులో కుర్రాడు ఏడో ఎక్కం తప్పు చదివాడు. వాడికి ఎక్కం బాగా వచ్చు. ఆ క్షణం వాడు చూసిందేమిటి?

మగవాళ్ల తలపు ఈ లోకంలో నమోదు కాదా అన్న విమర్శకు కూడా ఇక్కడే జవాబు దొరికింది. అవుతుంది, కానీ తప్పించుకునే దారి వాళ్లకు ఉంది. జీతమిచ్చి ఇంకొకరి మనసును పెట్టుకుంటారు. పేరంటంలో కూర్చున్న ఆడమనిషికి ఆ వీలు లేదు.

ఒకటి మాత్రం తీసేశాం. లక్కకు నిప్పంటుకుంటుంది, కాబట్టి గాజుల కొట్టు తగలబడే ఘట్టం మొదటి ముసాయిదాలో ఉండేది. తెలుగువాడికి లక్క, మంట ఒకచోట వినబడితే లక్క ఇల్లు గుర్తొస్తుంది, కుట్ర ఎవరిదో ముందే ఊహించేస్తాడు. ఆ గొడవ మాకెందుకనిపించింది.

ముదిరిన లక్క

రచయితలు నన్ను ఇప్పటికీ అడుగుతూనే ఉన్న ప్రశ్న ఒకటుంది. లక్క ఎన్నేళ్లు తెరుచుకుంటుంది? నిజం లక్క పాతబడేకొద్దీ లోపల ముడులు పడి గట్టిపడుతుంది. కొత్తగా ఉన్నప్పుడు సారాలో సులువుగా కరిగేది ముదిరాక కరగదు. ఎక్కువసేపు వేడి మీద ఉంచినా అంతే, ఇక ఎంత కాల్చినా మెత్తబడదు, నల్లబడుతుంది. అందుకే తలపులక్కకూ వయసు పెట్టాం. ముదిరితే లోపల తలపు ఉంటుంది, వినే దారి ఉండదు.

ఏళ్లు లెక్కగా ఇస్తే రాసుకోవడం తేలికని వాళ్ల మాట. ఇస్తే ప్రతి ఎపిసోడ్‌లోనూ గడువు ముగియబోతున్న గాజొకటి వస్తుందని నా భయం. ఆఖరికి ఇలా కుదిరింది. గాజు మెత్తబడుతుందో లేదో కుంపటి మీద పెట్టేదాకా ఎవరికీ తెలియదు, పెట్టాక మెత్తబడకపోతే అది ఇక ఎన్నటికీ మెత్తబడదు. కాబట్టి ప్రయత్నించాలా వద్దా అన్నదే పాత్రలు తేల్చుకోవాల్సిన సంగతి. మా సీరియల్లో ఇప్పటికి ఇద్దరు ప్రయత్నించలేదు. వాళ్లలో ఒకరు ఆ గాజును ఏం చేశారన్నది రెండో సీజన్ మూడో ఎపిసోడ్‌లో వస్తుంది, దాని స్క్రిప్టు ఇంకా నా దగ్గరే ఉంది, సీళ్ల కుర్రాడి తప్పు ఎక్కంతో కలిపి చూడాలి.